పెండింగ్ ఫిర్యాదుల దారి చట్టంలోనే ఉండాలి

వినియోగదారుల రక్షణ చట్టం 2019 అమల్లోకి వచ్చింది 2020 జూలై 20న. మంచి చట్టమే. ఫిర్యాదు వేయడానికి అమ్మినవాడి ఊరికి పోనక్కర్లేదు, మనం ఉంటున్న చోటే వేసుకోవచ్చు. లోపమున్న వస్తువు వల్ల హాని జరిగితే తయారీదారునే బాధ్యుణ్ణి చేయవచ్చు. రాజీకి వీలున్న కేసుల్లో మధ్యవర్తిత్వానికి చోటుంది. ఇన్ని ఆలోచించినవారు ఒక్క ప్రశ్నకు మాత్రం సూటిగా జవాబు రాయలేదు. అప్పటికే ఫిర్యాదు వేసి వాయిదాలకు తిరుగుతున్నవారి సంగతేమిటి?

చిక్కంతా ఏ కేసు ఏ స్థాయి వినియోగదారుల కోర్టు వినాలన్న దగ్గర వచ్చింది. పాత చట్టం చివరి రోజుల్లో 20 లక్షల రూపాయల వరకు జిల్లా ఫోరం, కోటి వరకు రాష్ట్ర కమిషన్, అంతకు మించితే జాతీయ కమిషన్. సరుకు లేదా సేవ విలువకు అడిగిన పరిహారం కూడా కలిపి లెక్కగట్టేవారు. కొత్త చట్టం లెక్కనూ మార్చింది, హద్దులనూ మార్చింది. వినియోగదారు చెల్లించిన సొమ్ము ఒక్కటే చూడాలంది. జిల్లాకు కోటి, రాష్ట్రానికి 10 కోట్ల వరకు ఇచ్చింది. (2021 డిసెంబరు 30 నాటి నిబంధనలతో అవి 50 లక్షలు, 2 కోట్లు అయ్యాయి.)

ఫ్లాటు కోసం 50 లక్షల పైచిలుకు కట్టి, అది చేతికి రాక, పరిహారంతో కలిపి కోటికి మించి అడుగుతూ జాతీయ కమిషన్‌కు వెళ్లినవారి పరిస్థితి చూడండి. వెళ్లిన రోజున వారు వెళ్లింది సరైన చోటికే. 2020 నాటి కొత్త లెక్కన (కోటి వరకు జిల్లాకే) అదే ఫిర్యాదు జిల్లా స్థాయిది. నీనా అనేజా కేసులో జరిగింది ఇదే. 2020 జూన్‌లో వేసిన ఫిర్యాదును జాతీయ కమిషన్ జూలై చివరి వారంలో, తన పరిధి కాదంటూ కొట్టేసింది. మళ్లీ కాగితాలు, మళ్లీ లాయరు, మళ్లీ మొదటి వాయిదా. అవతల బిల్డర్‌కు దీనివల్ల నష్టమేమీ లేదు, పైగా టైమ్ కలిసొస్తుంది. 2021 మార్చి 16న సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును రద్దు చేసింది. 2020 జూలై 20కి ముందు వేసిన ఫిర్యాదులు పాత చట్టం ప్రకారం ఎక్కడ ఉండాలో అక్కడే నడవాలని తేల్చింది. చట్టంలో రెండు వాక్యాలతో పోయే సందేహం తీరడానికి దాదాపు ఎనిమిది నెలలు పట్టింది.

అప్పీలు విషయంలో ఈ సూత్రం కొత్తదేమీ కాదు. 1949లో బాపట్ల సబ్ కోర్టులో వేసిన ఒక దావా సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఈలోపు రాజ్యాంగం వచ్చి, అప్పీలుకు కావలసిన విలువ 10 వేల నుంచి 20 వేలకు పెరిగింది. అప్పీలు హక్కు దావా వేసిన నాడే పుడుతుందని, కొత్త చట్టం స్పష్టంగా తీసేస్తే తప్ప అది పోదని 1957లో గరికపాటి వీరయ్య కేసులో కోర్టు చెప్పింది. ఇంత పాత మాట 2019లో బిల్లు రాసినవారికి తెలియదనుకోలేం.

ఈ సూత్రం కంపెనీలకూ వర్తిస్తుంది, అది దాచాల్సిన విషయం కాదు. జిల్లా కమిషన్‌లో (అంటే పాత జిల్లా ఫోరంలో) ఓడిన కంపెనీ అప్పీలుకు వెళ్లాలంటే, కొత్త చట్టం ప్రకారం చెల్లించాల్సిన మొత్తంలో సగం ముందు జమ చేయాలి. పాత చట్టంలో సగం లేదా 25 వేలు, ఏది తక్కువైతే అది. 20 లక్షల తీర్పు మీద 10 లక్షలు కట్టడానికీ, 25 వేలు కట్టడానికీ ఎంత తేడా! జాతీయ కమిషన్ తీర్పు మీద సుప్రీంకోర్టుకు వచ్చిన అప్పీలులో, పాత ఫిర్యాదులకు ఈ కొత్త భారం వర్తించదని 2022 ఫిబ్రవరిలో కోర్టు చెప్పింది. గెలిచిన వినియోగదారుకు ఇది కష్టంగానే ఉంటుంది. అయినా మేం దాన్ని తప్పుపట్టం. ఆట మధ్యలో నియమం మార్చొద్దని మన కోసం అడిగినప్పుడు, ఎదుటివాడి విషయంలోనూ ఒప్పుకోవాలి.

ఇంతకంటే బాధాకరమైనది ఇంకొకటి ఉంది. 2002 సవరణలో దొర్లిన రాత లోపం వల్ల, పాత చట్టం 25వ సెక్షన్‌లో ఆస్తుల జప్తు మాట ‘మధ్యంతర’ ఉత్తర్వులకే, అంటే తుది తీర్పుకు ముందు ఇచ్చేవాటికే, పరిమితమైంది. తుది తీర్పు గెలిచినవారు దాన్ని అమలు చేయించుకోబోతే ఆ పదమే అడ్డొచ్చేది. 2019 చట్టం 71వ సెక్షన్‌తో దాన్ని సరిదిద్దింది, కానీ ముందు రాబోయేవారికి మాత్రమే. 2003 మార్చి 15 నుంచి 2020 జూలై 20 దాకా తీర్పులు పొందినవారిని వదిలేసింది. చివరికి 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు, ఆ కాలానికి ఆ సెక్షన్‌ను ‘ఏ ఉత్తర్వుకైనా’ అని చదువుకోవాలని చెప్పాల్సి వచ్చింది. తప్పు ఉందని గుర్తించి దిద్దినవారికి, దానివల్ల అప్పటికే ఇరుక్కున్నవారు కనబడకపోవడం మాకు మింగుడుపడటం లేదు.

వినియోగదారు కేసు మామూలు సివిల్ దావా లాంటిది కాదు. వస్తువును పరీక్షించాల్సిన అవసరం లేని ఫిర్యాదును మూడు నెలల్లో తేల్చడానికి ప్రయత్నించాలని చట్టమే అంటోంది. అలాంటి చోట ఎనిమిది నెలలు అయోమయంలో గడవడం చిన్న విషయం కాదు. పరిధి, అప్పీలు గడువు, డిపాజిట్, అమలు: వీటిలో ఏది మార్చినా, నడుస్తున్న ఫిర్యాదులకు అది వర్తిస్తుందో లేదో ఆ సవరణ బిల్లులోనే విడిగా ఒక క్లాజు ఉండాలి. ఫిర్యాదుదారుకు మేలు చేసి ఎవరి హక్కునూ తీయనివి, అంటే ఇరుపక్షాలూ ఒప్పుకుంటే మధ్యవర్తిత్వం, వీడియో విచారణ లాంటివి పాత కేసులకూ అందాలి. కేసును ఒక చోటి నుంచి మరో చోటికి పంపక తప్పకపోతే ఫైలు కమిషనే పంపాలి, విచారణ ఆగిన చోటి నుంచే సాగాలి, మళ్లీ ఫీజు అడగకూడదు. వినియోగదారుల వ్యవహారాల శాఖ తదుపరి సవరణ ముసాయిదాను ప్రజల ముందుకు తెచ్చినప్పుడు ఈ క్లాజు అందులో ఉందో లేదో మేం ముందుగా చూస్తాం.