ఔట్‌సైడ్ వ్యూ మాత్రమే

తెలుగు భాషలోకి ఈమధ్య ఒక కొత్త మాట వచ్చి చేరింది, నిఘంటువులు రాసే పెద్దలు దయచేసి నోట్ చేసుకోవాలి. ఔట్‌సైడ్ వ్యూ. అర్థం ఏంటంటే, డబ్బులు కట్టి, తెల్లారకుండానే లేచి, టిఫిన్ కూడా మానేసి బస్సెక్కి, ఒక చోటికి వెళ్ళి, దాన్ని చూడకుండా తిరిగి రావడం. వెనకటికి దీన్ని "చూడలేదు" అనేవాళ్ళు. మరీ మొరటుగా ఉందని మార్చినట్టున్నారు.

తప్పు నాదే, ముందే ఒప్పుకుంటున్నా. మా పెద్ద మావయ్య గుంటూరు జిల్లాలో హైస్కూల్ సోషల్ మేష్టారు, 34 ఏళ్ళు "ఆంధ్రదేశంలో బౌద్ధం" అనే పాఠం చెప్పి రిటైరయ్యారు. అమరావతి చూశారు, నాగార్జునకొండ చూశారు, వైజాగ్ పక్కనున్న బౌద్ధారామం తొట్లకొండ మాత్రం చూళ్ళేదు. వైజాగ్ వచ్చిన ప్రతిసారీ ఎవరిదో పెళ్ళో ఎవరిదో ఆపరేషనో, ఈసారి ఏ పనీ పెట్టుకోకుండా అత్తయ్యని తీసుకుని కేవలం దానికోసమే వచ్చారు. 71 ఏళ్ళ మనిషి, రెండు మోకాళ్ళూ నొప్పులు. కారు మాట్లాడొచ్చు. కానీ నాలో ఒక పిసినారి ఉన్నాడు, వాడు ఆటో వెనకాల అంటించిన పాంప్లెట్ చూశాడు: హిస్టారికల్ కోస్టల్ టూర్, 9 ప్లేసులు, ఏసీ బస్, లంచ్ ఫ్రీ, ఎక్స్‌పర్ట్ గైడ్, మనిషికి 899. కింద చీమకాళ్ళ అక్షరాల్లో ఇంకో లైన్ ఉంది, అది ఆ పిసినారికి కనపడలేదు, వాడికి 899 ఒక్కటే కనపడింది.

ఎనిమిదింటికి ఆర్టీసీ కాంప్లెక్స్ దగ్గర ఉండాలన్నారు, ఉన్నాం, బస్సు తొమ్మిదింపావుకి వచ్చింది. గైడ్ కుర్రాడి మెడలో విజిల్. అప్పుడే అనుమానం రావాల్సింది.

మొదటి ప్లేస్ కుర్సురా సబ్‌మెరైన్ మ్యూజియం. బీచ్ రోడ్డులో బస్సు కొంచెం, అంటే స్పీడ్ బ్రేకర్ దగ్గర తగ్గేంత, స్లో అయింది. గైడ్ మైకులో "రైట్ సైడ్ సబ్‌మెరైన్, లెఫ్ట్ సైడ్ టీయూ-142 విమానం, ఫోటోలు తీస్కోండి, రెండు ప్లేసులూ కవర్ అయిపోయాయి" అన్నాడు. ఆపవా బాబూ అంటే "సోమవారం సార్, మ్యూజియం సెలవు, అందుకే ఔట్‌సైడ్ వ్యూ". సోమవారం సెలవన్నది ఊళ్ళో ఇడ్లీ బండివాడికి కూడా తెలుసు, మరి సోమవారం టూర్ ఎందుకు పెట్టినట్టు? పెట్టినవాడికి తెలియకా?

కొంచెం ఆలోచించండి. సబ్‌మెరైన్‌కి ఔట్‌సైడ్ వ్యూ! అది పుట్టిందే బయటినుంచి ఎవడికీ కనపడకుండా ఉండడానికి. 1969లో నేవీలో చేరింది, 31 ఏళ్ళు సముద్రం అడుగున దాక్కుని తిరిగింది, 71 యుద్ధంలో శత్రువుకి ఔట్‌సైడ్ వ్యూ ఇవ్వకుండా బయటపడింది, 2001లో రిటైరైంది, 2002లో ఒడ్డుకి లాక్కొచ్చి జనం లోపలికి వెళ్ళి చూస్తారని మ్యూజియం చేశారు. ఇదివరకు ఒకసారి లోపలికెళ్ళా నేను. రిటైరైన నేవీ వాళ్ళే దగ్గరుండి చూపిస్తారు, ఇక్కడ టార్పెడోలు, ఇదిగో ఇంతే వంటిల్లు, ఇంత ఇరుకులో డెబ్భై మందికి పైన నెలల తరబడి ఉండేవాళ్ళం అని చెప్తుంటే ఊపిరి ఆగుతుంది. బస్సు కిటికీలోంచి చూస్తే అది ఒక పొడుగాటి నల్ల గొట్టం. మా అత్తయ్యయితే "అదేంటి, డ్రైనేజీ పైపా" అంది పాపం.

కైలాసగిరి కింద నుంచి, ఔట్‌సైడ్ వ్యూ. రుషికొండలో పది నిమిషాలు ఆపారు, బాత్‌రూం కోసం. ఇప్పటికి నాలుగు ప్లేసులు "కవర్" అయ్యాయి, టైం ఇంకా పదిన్నర కాలేదు. మావయ్య గడియారం చూసుకుని "ఇంకేం, తొట్లకొండలో బోలెడంత టైం దొరుకుతుంది" అన్నారు. ఆ అమాయకత్వం తల్చుకుంటే ఇప్పటికీ కడుపు తరుక్కుపోతుంది.

అప్పుడు బస్సు ఒక షెడ్డు ముందు ఆగింది. పాంప్లెట్‌లో ఈ ప్లేసు లేదు. ముత్యాల షోరూం.

ముత్యాలకీ వైజాగ్‌కీ ఏంటి సంబంధం అని మీరడగొచ్చు, సముద్రం ఉంది కదా అని వాళ్ళ సమాధానం. ఉప్పు కూడా ఉంది, ఉప్పు అమ్మట్లేదేం మరి. సరే దిగాం. దిగకపోతే కుదరదు, డ్రైవర్ బస్సు ఏసీ ఆపేసి తలుపు తాళం వేసి ఎటో వెళ్ళిపోయాడు, బయట ఎండ పేలిపోతోంది, లోపల హాల్లో మాత్రం హిమాలయాల్లా ఉంది. నలభై కుర్చీలు వేసి రెడీగా ఉన్నాయి, మేం నలభై మందిమి. లెక్క అంటే అదీ.

తెల్ల చొక్కా ఆయనొకాయన ట్రేతో వచ్చాడు. లైటర్ తీశాడు. ముత్యాన్ని పటకారతో పట్టుకుని కింద మంట పెట్టాడు. "కాలిందా?" అందరం కోరస్‌గా "లేదూ". "కరిగిందా?" "లేదూ". ఎల్కేజీ క్లాసులా ఉంది. "ఇప్పుడు తలా ఒకటి తీస్కుని పంటి మీద రుద్దండమ్మా, గరగరలాడితే ఒరిజినల్, జారితే డూప్లికేట్". ఇంక చూడండి, నలభై మంది, అందులో ఇద్దరు లాయర్లు, ఒక రిటైర్డ్ తహసీల్దారు, ఒక కొత్తగా పెళ్ళయిన జంట, అందరూ పళ్ళు ఇకిలించి ముత్యాలు తోముకుంటున్నారు. కొత్తపెళ్ళికూతురు మొగుడి పళ్ళ మీద రుద్దుతోంది. వెనక వరస తాతగారు చెయ్యెత్తి "బాబూ, నావి కట్టుడు పళ్ళు, వీటి మీద పనిచేస్తుందా?" అనడిగాడు. తెల్ల చొక్కా మొదటిసారి తడుముకున్నాడు, పాపం సిలబస్‌లో లేని ప్రశ్న.

అసలు విడ్డూరం మా గైడ్. పొద్దున్నించీ మైకులో "ఈ మలుపులో ఫలానా హీరో పాట తీశారు, ఆ కొబ్బరిచెట్టు కింద ఫలానా హీరోయిన్ ఏడ్చింది" తప్ప ఇంకోటి చెప్పని కుర్రాడికి (మనకి చరిత్ర అంటే షూటింగే కదా) ఆ హాల్లో అడుగు పెట్టగానే సరస్వతి పూనింది. ఏ ముత్యం మంచినీటిది, ఏది ఉప్పునీటిది, లోపల పొరలు ఎలా ఏర్పడతాయి, గుండ్రంగా ఉంటే ఎందుకు రేటెక్కువ, గడగడా అప్పచెప్పేస్తున్నాడు. మావయ్య మెల్లిగా వెళ్ళి "ఇక్కడ ఎంతసేపు నాయనా" అంటే ఏమన్నాడో తెలుసా? "షాపింగ్‌కి టైం లిమిట్ లేదు సార్, నిదానంగా చూస్కోండి, ఇదంతా ఇన్‌సైడే".

గంటా ఇరవై ఐదు నిమిషాలు. అత్తయ్య 1850 పెట్టి ఒక సెట్టు కొంది, కొంటేగానీ తలుపు తియ్యరేమో అని భయపడి కొన్నానని తర్వాత చెప్పింది.

తొట్లకొండ చేరేసరికి పన్నెండున్నర. గైడ్ విజిల్ ఊది "లేటైపోయాం, 20 నిమిషాలు ఓన్లీ" అన్నాడు. ఎవరివల్ల లేటయ్యాం నాయనా?

లెక్క వేద్దాం. సుమారు 400 ఏళ్ళు భిక్షువులు ఉన్న చోటు అది. 20 నిమిషాల్లో చూడాలంటే నిమిషానికి 20 ఏళ్ళు. నేను బూటు లేసు కట్టుకునేసరికి ఒక తరం భిక్షువులు వెళ్ళిపోయారు, మంచినీళ్ళు తాగేసరికి శాతవాహనులు సర్దేసుకున్నారు. పార్కింగ్ నుంచి పైకి నడవడానికి మావయ్య మోకాళ్ళకి ఎనిమిది నిమిషాలు పట్టింది, అంటే 160 ఏళ్ళు దార్లోనే అయిపోయాయి.

పైన గైడ్ వివరణ ఇది, ఒక్క అక్షరం మార్చట్లేదు: "తొట్లు అంటే ఉయ్యాల తొట్లు అండి. అప్పట్లో ఇక్కడ పిల్లల్ని ఉయ్యాల్లో వేసేవాళ్ళు, అందుకే తొట్లకొండ." బ్రహ్మచారులైన బౌద్ధ భిక్షువుల ఆరామంలో! ఉయ్యాల తొట్లు! వాన నీళ్ళు నిలవ చేసుకోడానికి రాయిని తొలిచి చేసిన నీళ్ళ తొట్లు అవి, పది అడుగులు నడిస్తే కళ్ళముందే కనపడతాయి, వాటి వల్లే ఆ పేరు. మావయ్య నోట్లోంచి మాట రాలేదు, 34 ఏళ్ళ సర్వీసులో ఏ పిల్లాడి ఆన్సర్ షీట్‌లోనూ ఆయన ఇది చూసుండరు.

కానీ మేష్టారు కదా, ఉండబట్టలేదు. మహాస్తూపం దగ్గర నిలబడి పక్కనున్న ముగ్గురు పిల్లలకి చెప్పడం మొదలుపెట్టారు. 1976లో నేవీ వాళ్ళు పైనుంచి సర్వే చేస్తుంటే ఈ కొండ మీద ఏవో కట్టడాలున్నట్టు బయటపడిందని, 88 నుంచి 93 దాకా తవ్వారని, భిక్షువుల గదులు, చైత్యాలు, కూర్చుని తినే భోజనశాల ఎక్కడెక్కడున్నాయో చేత్తో చూపిస్తూ. "ఇక్కడ రోమన్ వెండి నాణేలు దొరికాయర్రా. రోము ఎక్కడ, మన మంగమారిపేట ఎక్కడ? ఎలా వచ్చుంటాయి చెప్పండి?" ఒక పిల్ల సముద్రం వైపు చూసి "ఓడల్లోనా తాతగారూ" అంది. ఆయన మొహం చూడాలి మీరు. "శభాష్. రండి, తొట్లు చూపిస్తా, నేనూ ఇంకా చూళ్ళేదు" అని కర్ర ఎత్తారో లేదో, విజిల్. ఆ పిల్ల వాళ్ళమ్మ వచ్చి చెయ్యి పట్టుకుని లాక్కెళ్ళింది. మళ్ళీ విజిల్. గొర్రెలకి కూడా ఎవరూ అలా ఊదరు.

ఆ తొట్ల వైపు ఒకసారి చూసి "పోన్లేరా, ఫోటోల్లో చూస్తాలే" అన్నారు.

నవ్వుతూ రాద్దామనే కూర్చున్నా, ఇక్కడ నావల్ల కావట్లేదు. ఏం పోన్లే? ఎందుకు పోవాలి? జీవితమంతా ఆ పాఠం చెప్పిన మనిషి, పది అడుగుల దూరంలో ఆగిపోయి వెనక్కి తిరగాలా, ఎవడో పంటి మీద పూసలు రుద్దించుకున్న గంటా ఇరవై ఐదు నిమిషాల కోసం? ఆ కుర్రాణ్ణి తిడదామని బస్సులో పక్కన కూర్చోబెట్టుకున్నా. జీతం ఎంతరా అంటే, లేదన్నా అన్నాడు. ఏజెన్సీ వాడికి రూపాయి ఇవ్వదు, షోరూం వాళ్ళు తలకింత ఇస్తారు, జనం కొన్నదాన్లో కొంచెం ఇస్తారు, అదే జీతం. హిస్టరీ ఎవరు నేర్పారంటే ఎవరూ నేర్పలేదు, ముత్యాలకి మాత్రం రెండు రోజులు ట్రైనింగ్ ఇచ్చారట. ఇంక వాణ్ణేం తిడతాం. ఆ ఓనర్ ఉన్నాడు చూశారూ, పొద్దున ఏసీ కార్లో వచ్చి టికెట్లు చింపి వెళ్ళినాయన, వాడికి అంతా తెలుసు. శాతవాహనులు కమీషన్ ఇవ్వరు, అందుకే వాళ్ళకి 20 నిమిషాలు. వాళ్ళ పేరుతో మాత్రం పాంప్లెట్ వెయ్యొచ్చు, టికెట్ అమ్మొచ్చు, "హిస్టారికల్" అని బస్సుకి స్టిక్కర్ అంటించొచ్చు. సిగ్గు లేదూ అంటే దానికీ ఔట్‌సైడ్ వ్యూనే చూపిస్తాడు.

తర్వాత జరిగినవి త్వరగా చెప్పేస్తా, వాళ్ళూ త్వరగానే చూపించారు. బావికొండకి బస్సు వెళ్ళలేదు. బుద్ధుడివని భావిస్తున్న ధాతువులు, అంటే అస్థికలు, దొరికిన చోటు అది, గైడ్ కిటికీలోంచి వేలు చూపించి "అదిగో ఆ కొండ వెనకాల" అన్నాడు. కొండ వెనకాల ఉన్నదానికి ఔట్‌సైడ్ వ్యూ ఏంటో, నాకు ఫిజిక్స్ రాదు. లంచ్ ఫ్రీయే, పెరుగు మాత్రం 20 రూపాయలు. ఎర్రమట్టి దిబ్బలు రోడ్డు మీంచి. వేల ఏళ్ళు గాలీ సముద్రం కలిసి పేర్చిన ఇసక, ఇనుము వల్ల ఎర్రబడింది, 2014లో జాతీయ భూవారసత్వ స్థలం అన్నారు, అయినా 2024లో పక్కన జేసీబీలు తవ్వుతున్నాయని గోల. ఇంకొన్నాళ్ళు పోతే వ్యూ కూడా ఉండదు లెండి. భీమిలి డచ్ సమాధుల గేటుకి తాళం, ఊచల్లోంచి చూశాం. గైడ్ "బ్రిటిష్ వాళ్ళవి" అన్నాడు. మావయ్య మెల్లిగా "వలందులవి నాయనా, డచ్చివాళ్ళవి, బందర్లో వలందపాలెం లేదూ" అన్నారు. వాడు ఫోన్ తీసి నోట్ చేసుకున్నాడు, నిజంగానే. లైట్‌హౌస్ ఎక్కడ ఉందో గైడ్ చూపించేలోపు బస్సు తిరిగిపోయింది. తొమ్మిది ప్లేసులూ కవర్డ్.

ఆ గురువారం ఆటో మాట్లాడుకుని మావయ్యా నేనూ మళ్ళీ వెళ్ళాం. 1200 తీసుకున్నాడు, ఆటోవాడు కూడా మాతో పైకొచ్చాడు. తొట్ల దగ్గర మావయ్య గంటన్నర కూర్చున్నారు. ఒక దాన్లో అడుగున పచ్చటి నీళ్ళు, అందులో కప్ప. ఏం మాట్లాడలేదు.

ఇంటికొచ్చేసరికి అత్తయ్య డైనింగ్ టేబుల్ మీద ముత్యాల సెట్టు పెట్టుకుని కూర్చునుంది. దేవుడి గదిలో లైటర్ తెచ్చి నలుగురికీ డెమో చూపిస్తానని ఒక పూస కింద మంట పెట్టిందట. వేలెడు పొగొచ్చి బొట్టులా కారిపోయింది. మిగతావి మాత్రం, బయటినుంచి చూస్తే, భేషుగ్గా ఉన్నాయి.