వైదాకూ ముంక్‌కూ కథలిచ్చిన మనిషి

పోలిష్ సినిమా గురించి రాసేవాళ్లు దర్శకుల్లో ఆంద్రే వైదాను ఒక గట్టున, ఆంద్రే ముంక్‌ను ఇంకో గట్టున నిలబెడతారు. ఒకరిది వీరత్వపు విషాదమట, మరొకరిది ఆ వీరత్వాన్ని నిలదీసే వ్యంగ్యమట. కానీ వైదా 'కనాల్'కూ, ముంక్ తీసిన 'మ్యాన్ ఆన్ ది ట్రాక్స్', 'ఎరోయికా', 'బ్యాడ్ లక్' చిత్రాలకూ కథ ఒక్కరిదే: యెజి స్తెఫాన్ స్తవిన్‌స్కీ. ఈ సంగతి పట్టించుకుంటే ఆ రెండు గట్ల లెక్క నిలవదు.

స్తవిన్‌స్కీ (1921–2010) జర్మన్ ఆక్రమణ మీద 1944లో జరిగిన వార్సా తిరుగుబాటులో, పోలిష్ రహస్య సైన్యమైన హోమ్ ఆర్మీలో అధికారి. తన దళంతో మురుగు కాలువల్లో నడిచాడు, తర్వాత జర్మన్లకు యుద్ధఖైదీ అయ్యాడు. అలాంటి అనుభవం ఇంకెందరికో ఉంది. ఆయన ప్రత్యేకత కథ కట్టే తీరులో ఉంది. ఆయన కథలు తిరిగే ఇరుసు ఒకటే, నిజం కాని కబురు.

ఆ తిరుగుబాటు దళం కథే అయిన 'కనాల్' మొదట్లోనే వ్యాఖ్యాత చెప్పేస్తాడు, వీళ్లకివి ఆఖరి గంటలని. బతుకుతారా లేదా అన్న ఉత్కంఠను రచయిత చేజేతులా వదిలేశాడు. ఇక మిగిలింది, ఎవరికి ఏం తెలుసన్నదే. 70 మందిలో 43 మంది మిగిలిన దళం కాలువలోకి దిగి ముక్కలైపోతుంది. ఒకరి గతి ఇంకొకరికి తెలియదు. మనవాళ్లు వెనకే వస్తున్నారని అబద్ధం చెబుతూ సార్జెంట్ కూలా లెఫ్టినెంట్ జాద్రాను ముందుకు నడిపిస్తాడు. బయటపడ్డాక నిజం తెలిసిన జాద్రా అతన్ని కాల్చేసి మళ్లీ కాలువలోకే దిగుతాడు. యుద్ధఖైదీల శిబిరంలో జరిగే 'ఎరోయికా' రెండో భాగంలోనూ ఇదే పట్టు. జవిస్తోవ్‌స్కీ తప్పించుకున్నాడన్న నమ్మకంతోనే తోటి ఖైదీలు నిబ్బరంగా ఉన్నారు. అతను మాత్రం శిబిరంలోనే అటక మీద దాక్కున్నాడు. 'మ్యాన్ ఆన్ ది ట్రాక్స్'లో రైలు కింద పడి చనిపోయిన ముసలి డ్రైవర్‌ను విద్రోహి అనుకుంటారు. సిగ్నల్ దీపం ఒకటి ఆరిపోయిందని గమనించి, రైలును ఆపబోయి ప్రాణం పోగొట్టుకున్నాడతను.

దర్శకుల వాటా చిన్నదేం కాదు. 'కనాల్'లో ఊచల అవతల విస్తులా నది కనిపించే దృశ్యానికి ఆ బరువు వైదా వల్లే వచ్చింది. వైదాదే అయిన 'యాషెస్ అండ్ డైమండ్స్'లో స్తవిన్‌స్కీ చెయ్యి లేనే లేదు. అయినా పైన చెప్పిన అల్లిక కెమెరా కంటే ముందే కాగితం మీద ఉంది.

దానికి తగ్గ ఏర్పాటు ఆ దేశంలో ఉండేది. 1955లో వచ్చిన ఫిల్మ్ యూనిట్లలో, అంటే సినిమాలు తీసే బృందాల్లో, కళా సారథితో పాటు సాహిత్య సారథి కూడా ఉండేవాడు. 'కద్ర్' యూనిట్‌లో ఆ కుర్చీ నవలాకారుడు తదేవుష్ కొన్విత్స్కీది. 'కనాల్' స్క్రిప్టు మొదట ముంక్ దగ్గరికి వెళ్లి, తర్వాత వైదా చేతికొచ్చింది. అంటే ముందు కథ, ఆ తర్వాతే దర్శకుడు. 1957లో కాన్స్ జ్యూరీ ప్రత్యేక బహుమతి దక్కిన సినిమా వెనక ఉన్న వరస ఇది. 1968లో ప్రభుత్వం ఆ యూనిట్లను చెదరగొట్టింది. దర్శకుడే సర్వకర్త అని మురిసిపోయే విమర్శకులు ఈ వరసను ఇప్పటికీ లెక్కలోకి తీసుకోరు.

1995లో కజిమియెజ్ కుత్స్ తీసిన 'కల్నల్ క్వియత్‌కోవ్‌స్కీ' చూడండి. ఒక సైనిక వైద్యుడు రహస్య పోలీసు అధికారినని దబాయించి ఖైదీలను విడిపిస్తుంటాడు. దర్శకుడు మారాడు, కాలం మారింది, నడిపిస్తున్నది మళ్లీ అబద్ధమే. స్క్రిప్టు స్తవిన్‌స్కీది.