‘బెంజ్ సర్కిల్ దాటేశారు’

పోయిన ఆదివారం బెజవాడలో ఒక సాంస్కృతిక సభకు వెళ్లాను. కార్డులో ‘సాయంత్రం సరిగ్గా 5 గంటలకు’ అని వేశారు. ‘సరిగ్గా’ బంగారు రంగులో ఉంది. ఆదివారం నాలుగున్నర నుంచి ఆరు దాకా రాహుకాలం. ఆ టైంకి సభ పెట్టారంటేనే మొదలుపెట్టే ఉద్దేశం లేదని నాకు అర్థం కావాల్సింది.

ఆ రాత్రి నుంచి నేను ఒక మహానుభావుడి జీవితచరిత్ర రాసే పనిలో ఉన్నాను. ఐదు నిమిషాలను మూడు గంటల పొడవుకి సాగదీసే విద్య కనిపెట్టిన శాస్త్రవేత్త ఆయన. పేరు ఎక్కడా దొరకలేదు. గుంటూరు వాళ్లేమో మా అరండల్‌పేటలో పుట్టాడంటారు, బెజవాడ వాళ్లు మా సత్యనారాయణపురం అంటారు. పుట్టిన టైం మాత్రం ఎవరికీ తెలియదు. జాతకం రాయించడానికి వెళ్లిన తండ్రి ‘ఆరు, ఆరున్నర... ఎలా చూసినా తొమ్మిది లోపే’ అన్నాడట. బళ్లో హాజరు పిలిస్తే పక్కవాడు లేచి ‘వస్తున్నాడండీ’ అనేవాడు. తర్వాత ఒక టైలరు దగ్గర చేరి, ‘రేపు రండి’ అన్నదాంట్లో రేపు ఏ రోజో తేలకుండా చూసుకోవడం నేర్చాడు.

ఇంత ప్రతిభ ఉండీ ల్యాండ్‌లైన్ రోజుల్లో ఆయన రాణించలేదు పాపం. ఫోనెత్తితే ఇంట్లోనే ఉన్నట్టు దొరికిపోయేవాడు. సెల్‌ఫోన్ చేతికొచ్చిన రోజు, తలకి నూనె రాసుకుంటూ, ‘దారిలోనే ఉన్నా’ అన్నాడు. అవతలివాళ్లు నమ్మారు. కాలయంత్రం తయారైపోయింది.

ఆ యంత్రం పనితనం ఆదివారం కళ్లారా చూశాను. ముఖ్య అతిథి గారు గుంటూరు నుంచి రావాలి. ముప్పై అయిదు కిలోమీటర్లకు అటూ ఇటూ. 5.40కి యాంకరమ్మాయి మైకందుకుని, ‘ముఖ్య అతిథి గారు బెంజ్ సర్కిల్ దాటేశారు, ఐదు నిమిషాల్లో మన మధ్య ఉంటారు’ అంది. చప్పట్లు కొట్టాం. 6.20కి, ‘కనకదుర్గ వారధి మీద ఉన్నారు.’ ఇక్కడ నాకు తేడా కొట్టింది. గుంటూరు నుంచి వచ్చేవాడికి వారధి ముందు, బెంజ్ సర్కిల్ తర్వాత. ఏడింటికి, ‘మంగళగిరి దాటారు.’ ఏడున్నరకి కాజ టోల్‌గేట్ దగ్గరున్నారు. ఎనిమిదికి, ‘ఇప్పుడే ఇంటి దగ్గర బయలుదేరారు.’ ఆయన కాలంలో వెనక్కి ప్రయాణిస్తున్నారు! ఇదే వేగంతో పోతే తొమ్మిదికి మధ్యాహ్న భోజనం, పదికి అక్షరాభ్యాసం. నా వెనక కూర్చున్నాయన ఆవలిస్తూ, ‘ఇంకాసేపు ఓపిక పడితే వాళ్లమ్మగారి సీమంతానికి మనల్నే పిలుస్తారండీ’ అన్నాడు.

కొందరు సూర్యుడు కూడా ఆలస్యంగానే వస్తాడని వాదిస్తారు. నిజమే. 1906 నుంచి మన దేశపు గడియారం 82½ డిగ్రీల తూర్పు రేఖాంశం మీద నడుస్తోంది. అది కాకినాడ పక్కగా పోతుంది. బెజవాడ దానికి రెండు డిగ్రీలకు కాస్త తక్కువగా పడమటన ఉంది. డిగ్రీకి నాలుగు నిమిషాల లెక్కన, సూర్యుడు మన నడినెత్తికి వచ్చేసరికి సగటున ఏడు నిమిషాలు లేటు. అదీ పదిహేను కోట్ల కిలోమీటర్ల అవతల నుంచి. అదీ సెల్‌ఫోన్ లేకుండా.

ప్లంబరు రేపంటే నాకు కోపం రాదు. అతనికి ఇంకో నాలుగిళ్లు ఉంటాయి. ఈ పెద్దమనుషుల సంగతి వేరు. వీళ్లకి టైం తెలియక కాదు. గడియ అంటే 24 నిమిషాలు, విఘడియ అంటే 24 సెకన్లు అని లెక్కగట్టిన జాతి మనది. ఇదే మనిషి కూతురి పెళ్లికి ముహూర్తం రాత్రి 2.47 అంటే 2.47కే జీలకర్ర బెల్లం పెట్టిస్తాడు. గన్నవరంలో విమానం ఒక్కసారీ తప్పదు. పైవాడు పిలిస్తే అరగంట ముందే వెళ్లి వరండాలో నిలబడతాడు. ఆలస్యం కిందివాళ్లకే.

మా మనవరాలికి తొమ్మిదేళ్లు. ఆ రోజు సభలో కూచిపూడి తరంగం చేయాలి. ఇత్తడి పళ్లెం అంచుల మీద నిలబడి ఆడటానికి నాలుగు నెలలు మడమలు వాచేలా నేర్చుకుంది. మధ్యాహ్నం మూడింటికి మేకప్ వేసి, కట్టిన చీర విప్పితే మళ్లీ కట్టలేమని మంచినీళ్లు కూడా తాగనివ్వలేదు. ఎనిమిది ముప్పావుకి ఆయన దిగాడు. శాలువాలు, పూలదండలు, ఫొటోలు. తర్వాత కూచిపూడి గొప్పతనం మీద నలభై నిమిషాల ఉపన్యాసం, తెర పక్కన కూచిపూడి పిల్లలు గోడకి ఆనుకుని తూగుతుండగా. అదయ్యాక నిర్వాహకుడు వచ్చి, ‘టైం లేదమ్మా, త్వరగా కానివ్వండి’ అన్నాడు. పాప పళ్లెం ఎక్కబోతుండగా పాట ఆపేశారు.

టైం లేదా? మూడు ముప్పావు గంటలు ఎవడు తిన్నాడు? ఆ పిల్ల తిన్నదా?

చివర్లో వందన సమర్పణ. ‘తమ అమూల్యమైన సమయాన్ని వెచ్చించి విచ్చేసిన ముఖ్య అతిథి గారికి...’ అన్నారు. హాలంతా చప్పట్లు. నేనూ కొట్టాను. ఒళ్లో పాప గజ్జెలతోనే నిద్రపోతోంది, లేస్తుందేమోనని మెల్లగా.