714 హోమ్ రన్లలో టైపు మిషన్ వాటా ఎంత?

ముందే చెప్పేస్తున్నా, నాకు బేస్‌బాల్ రాదు. అమెరికాలో ఎడిసన్‌లో ఉండే మా అక్క కొడుకు ఒకసారి న్యూయార్క్ యాంకీ స్టేడియంకి తీసుకెళ్ళి మూడు గంటలు కూర్చోబెట్టాడు, అందులో సగం టైం పిచ్చర్ (మన బౌలర్ లాంటివాడు) టోపీ సర్దుకోడం, బ్యాటర్ గ్లోవ్స్ విప్పి మళ్ళీ పెట్టుకోడం, పక్క సీటాయన పల్లీలు ఒలుచుకోడం చూశా. మధ్యలో వాడు గుళ్ళో చెప్పినట్టు చెవి దగ్గరకొచ్చి, "మావయ్యా, దీన్ని బేబ్ రూత్ కట్టిన ఇల్లు అంటారు" అన్నాడు. తాపీ మేస్త్రీనా అని అడిగా. ఇంకో మూడు ఇన్నింగ్స్ దాకా వాడు నాతో మాట్లాడలేదు.

ఇంటికొచ్చి చదివితే తెలిసింది ఏంటంటే, ఇల్లు కట్టింది రూత్ కాదు, ఆ మాట కట్టింది ఫ్రెడ్ లీబ్ అని ఒక రిపోర్టరు. రూత్ అంటే అప్పట్లో యాంకీస్ అనే న్యూయార్క్ టీమ్ హీరో. 1923లో స్టేడియం తెరిచిన రోజే హోమ్ రన్ కొట్టాడు (హోమ్ రన్ అంటే మన సిక్సర్‌కి పెద్దన్న అనుకోండి), లీబ్ గారు ఆ ముక్క రాశారు, అయిపోయింది. తర్వాత 2009లో రోడ్డుకి అవతల కొత్తది తెరిచి, ఆ పాత బిల్డింగ్ పడగొట్టేస్తే, ఆ మాట కూడా పాలు పొంగించుకుని కొత్తింట్లోకి వచ్చేసింది.

అప్పట్నించీ నాకు ఒకటే ఆలోచన. పంపకాలు జరగాలి. రూత్ పేరు మీద 714 హోమ్ రన్లకి పట్టా ఉంది, ఒక్కడే అనుభవిస్తున్నాడు, చచ్చిపోయి ముప్పావు శతాబ్దం దాటినా అనుభవిస్తూనే ఉన్నాడు. అందులో టైపు మిషన్‌కి, అంటే అతని గురించి రాసినవాళ్ళకి, ఒక్క సెంటు భూమి కూడా రాసివ్వలేదు. ఇది అన్యాయం అని, పెద్దమనుషులు కూర్చుని తేల్చాలని ఈ వ్యాసం ద్వారా కోరుతున్నా.

రూత్ కొట్టలేదు అనట్లేదండీ బాబూ, బాగానే కొట్టాడు. 1919లో బోస్టన్ రెడ్ సాక్స్ తరఫున 29 కొట్టాడు, అదే రికార్డు. ఆ డిసెంబర్లో ఓనరు హ్యారీ ఫ్రేజీ లక్ష డాలర్లకి యాంకీస్‌కి అమ్మేశాడు, వచ్చీరాగానే 1920లో 54 కొట్టాడు, ఆ లీగ్‌లో వేరే ఏ టీమైనా జట్టు జట్టంతా కలిసి కొట్టినా అన్ని రాలేదు. అదీ కాక అతను మొదట్లో బ్యాటర్ కూడా కాదు, మంచి పిచ్చర్. ఇంత సరుకున్నవాడికి పబ్లిసిటీ ఎందుకు అంటారేమో, ఆ ప్రశ్న రూత్‌ని కాదు పేపర్లని అడగాలి. 1919 వరల్డ్ సిరీస్‌లో (అంటే ఏడాది చివర జరిగే ఫైనల్స్) చికాగో ఆటగాళ్ళు డబ్బు తీసుకుని ఓడిపోయారన్న గుట్టు 1920లో బయటపడింది, ఆట పరువు బజార్న పడింది, జనానికి చూపించడానికి ఒక నవ్వు మొహం అర్జెంటుగా కావాలి. అదే టైంలో న్యూయార్క్‌లో డైలీ న్యూస్ అని బొమ్మల పేపర్ కొత్తగా వచ్చింది, 1919లోనే. దానికి ఫోటోలు కావాలి. రూత్ మొహం చూశారా ఎప్పుడైనా, గుండ్రంగా, చపాతీ మీద ముక్కు అతికించినట్టు ఉంటుంది, ఎంత చెత్త ప్రింటింగ్‌లో అయినా గుర్తుపట్టొచ్చు.

ఆ పేపర్లో మార్షల్ హంట్ అని ఒకాయన, ఆయన డ్యూటీ ఏంటంటే రూత్. బేస్‌బాల్ కాదు, రూత్. సీజన్ అయిపోయాక కూడా రూత్ ఎక్కడికెళితే అక్కడికి, వేడి నీళ్ళ బుగ్గల్లో ఒళ్ళు తగ్గించుకోడానికెళ్తే అక్కడికి కూడా. మన దగ్గర పెళ్ళికొడుక్కి తోడుపెళ్ళికొడుకు ఉంటాడు చూడండి, రెండ్రోజులు, ఈయన ఏళ్ళ తరబడి ఉన్నాడు.

ఇక బిరుదులు. సుల్తాన్ ఆఫ్ స్వాట్, కొలోసస్ ఆఫ్ క్లౌట్, కింగ్ ఆఫ్ క్రాష్, బాంబినో. మన హీరోలు ఒక్కో స్టార్ తగిలించుకుని సర్దుకుపోతుంటే ఆయనకి వారానికొకటి. బాల్టిమోర్లో సారా కొట్టు నడిపే ఇంట్లో పుట్టి, ఏడేళ్ళకే అల్లరి భరించలేక అమ్మానాన్నే సెయింట్ మేరీస్ అనే బోర్డింగ్ స్కూల్లో పడేసిన పిల్లాడు సుల్తాన్ ఐపోయాడు. అనాథ అని కూడా ప్రచారం జరిగింది, సెంటిమెంట్‌కి బావుంటుంది కదా. వాళ్ళ నాన్న 1918 దాకా బతికే ఉన్నాడు పాపం, కొట్టు చూసుకుంటూ. అసలు తన పుట్టినరోజు కూడా రూత్‌కి సరిగ్గా తెలీదు, 1894 అనుకున్నాడు, 1934లో జపాన్ వెళ్ళడానికి పాస్‌పోర్ట్ తీస్తే 1895 అని తేలింది. అంతమంది విలేకరులు వెంటపడి నిద్రలో గురక కూడా రాసుకుంటుంటే, ఆ ఒక్క నిజం చెప్పడానికి పాస్‌పోర్ట్ కాగితాలు కావాల్సి వచ్చాయి.

ఇప్పుడు అసలు వాటాదారు దగ్గరకొద్దాం. 1921, మద్య నిషేధం నడుస్తోంది. క్రిస్టీ వాల్ష్ అని ఒక కుర్రాడు, రూత్‌ని కలవాలని న్యూయార్క్‌లో తిరుగుతున్నాడు, దొరకట్లేదు. రూత్ ఉండే చోటికి దగ్గర్లో ఒక కొట్లో నిలబడ్డాడు, ఫోన్ మోగింది, రూత్ గారికి ఒక కేసు బీరు పంపమని. డెలివరీ కుర్రాడు లేడు. వాల్ష్ నేను తీసుకెళ్తా అని భుజాన వేసుకుని నేరుగా వంటగదిలోకి వెళ్ళిపోయి, సీసాలు సర్దుతూ సర్దుతూ బిజినెస్ మాట్లాడేశాడు. ఇది వాల్ష్ చెప్పుకున్న కథే, అంటే ఇందులో కూడా టైపు మిషన్ శబ్దం వినబడుతోంది, ఐనా చదవగానే నమ్మాలనిపిస్తుంది, అదే ఆయన గొప్పతనం.

వాల్ష్ పెట్టిన వ్యాపారం ఏంటంటే ఘోస్ట్ రైటర్ల, అంటే తెర వెనక రాసిపెట్టే దయ్యాల, సప్లై. రూత్ పేరు మీద కాలమ్స్ వస్తాయి, దేశమంతా పేపర్లు కొనుక్కుంటాయి, రూత్ సంతకం ఇస్తాడు, రాసేది వేరేవాళ్ళు. అంటే రూత్ పగలు ఆడతాడు, రూత్ ఆడిన ఆట గురించి రూత్ ఏమనుకున్నాడో సాయంత్రం ఇంకొకడు అనుకుంటాడు, అది మర్నాడు రూత్ పేపర్లో చదువుకుంటే ఓహో నేను ఇలా అనుకున్నానా అని తెలుసుకుంటాడు. మన పెద్దలు సొమ్మొకడిది సోకొకడిది అన్నారు గానీ ఇక్కడ సొమ్మూ సోకూ కూడా ఒకడివే, రాత మాత్రం ఇంకొకడిది. నిజం చెప్పాలంటే వాల్ష్ మోసగాడేం కాదు, రూత్ చేతికి దొరికితే నీళ్ళలా ఖర్చుపెట్టే డబ్బుని పట్టుకుని దాచిపెట్టించింది ఆయనే, 1929 తర్వాత అందరూ మునిగిపోతే రూత్ మునగలేదు. తర్వాత్తర్వాత అమెరికాలో స్టార్లకి ఏజెంట్లు వచ్చారంటే అందులో ఆ బీరు కేసు పుణ్యం కూడా ఉంది.

ఆ దయ్యాల బ్యాచ్‌లో ఫోర్డ్ ఫ్రిక్ అని ఒకాయన. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, వడ్డీతో సహా తర్వాత వస్తాడు.

మిఠాయి సంగతి చెప్పకపోతే పాపం తగుల్తుంది. 1921లో కర్టిస్ కంపెనీ "బేబీ రూత్" అని చాక్లెట్ బార్ తెచ్చింది. బేబ్ రూత్ దేశమంతా మార్మోగిపోతున్న టైంలో. పేరు ఎవరిదయ్యా అంటే, ప్రెసిడెంట్ క్లీవ్‌లాండ్ గారి పెద్ద కూతురు రూత్‌ది అండీ అన్నారు. ఆ అమ్మాయి 1904లోనే చనిపోయింది, క్లీవ్‌లాండ్ దిగిపోయి ఇరవై ఏళ్ళు దాటింది, ఉన్నట్టుండి 17 ఏళ్ళ తర్వాత మిఠాయి కంపెనీకి ఆ పాప మీద బెంగ పుట్టుకొచ్చిందన్నమాట. సరే, రూత్ తన పేరుతో "రూత్స్ హోమ్ రన్" అని సొంత మిఠాయి పెట్టుకుంటే అదే కర్టిస్ కోర్టుకెళ్ళింది, మా పేరుతో జనం తికమకపడతారు అని. 1931లో రూత్ ఓడిపోయాడు. తన పేరు వాడుకునే హక్కు మిఠాయికి ఉంది, తనకి లేదు. అప్పటికి అతని పేరు అతని చేతిలో లేదనడానికి ఇంతకంటే కోర్టు కాగితం ఏం కావాలి చెప్పండి.

కడుపునొప్పి కూడా అంతే. 1925 ఏప్రిల్లో ఆష్‌విల్ రైల్వే స్టేషన్లో రూత్ కుప్పకూలిపోయాడు. ఇంగ్లాండ్ పేపర్లు పోయాడని కూడా రాసేశాయి. ఇక్కడేమో హాట్ డాగ్స్ ఎక్కువ తిని, సోడాలు ఎక్కువ తాగి అని రాశారు, మెక్‌గీహన్ అనే ఆయన దాన్ని ప్రపంచమంతా వినిపించిన కడుపునొప్పి అని పేరు పెట్టాడు. ఆపరేషన్ దాకా వెళ్ళింది, ఆ ఏడు రూత్ 98 ఆటలే ఆడాడు. అసలు జబ్బు ఏంటన్నదాని మీద వందేళ్ళుగా పుకార్లే పుకార్లు, ఐతే హాట్ డాగ్ అంటే అందరికీ అర్థమవుతుంది, పిల్లలకి నీతి కూడా చెప్పుకోవచ్చు, ఇంకెందుకు తవ్వడం. తవ్వకపోడానికి ఇంకో కారణం కూడా ఉంది లెండి, అప్పట్లో రిపోర్టర్ల రైలు ఖర్చులు టీములే పెట్టుకునేవి. ఉప్పు తిన్నవాళ్ళు కలం పక్కన పెట్టారు. రాత్రిళ్ళు రూత్ ఎక్కడున్నాడో రాయరు, పగలు ఆస్పత్రిలో పిల్లలతో ఎక్కడున్నాడో పక్కా అడ్రస్‌తో రాస్తారు.

ఇంకోటి కూడా రాయలేదు. ఈ రికార్డులన్నీ పుట్టిన లీగుల్లో నల్లవాళ్ళని 1947 దాకా ఆడనివ్వలేదు. ఇది రూత్ పెట్టిన రూలు కాదు, కానీ హాట్ డాగ్‌ల లెక్క వేయడానికి చోటు దొరికిన పెద్ద పేపర్లకి దీనికి మాత్రం దొరకలేదు.

సరే, వేలు దగ్గరకొద్దాం. 1932 అక్టోబర్ 1, చికాగో రిగ్లీ ఫీల్డ్, వరల్డ్ సిరీస్ మూడో ఆట, అయిదో ఇన్నింగ్స్, స్కోర్ 4-4. చికాగో టీమ్ కబ్స్ బెంచీ మీదున్నవాళ్ళు రూత్‌ని నోటికొచ్చినట్టు తిడుతున్నారు, జనం నిమ్మకాయలు విసురుతున్నారు (మన దగ్గరైతే దిష్టి తీస్తున్నారనుకునేవాళ్ళం). రెండు స్ట్రైకులు పడ్డాయి (మూడోది పడితే అవుట్). రూత్ చెయ్యి ఎత్తి వేలు చూపించాడు. తర్వాత బంతిని సెంటర్ ఫీల్డ్ మీదుగా లేపేశాడు. ఇంతవరకూ ఎవరికీ గొడవ లేదు. గొడవల్లా వేలు ఎటు చూపించాడని. జో విలియమ్స్ అనే రిపోర్టర్ ఆ సాయంత్రమే, ముందే చెప్పి కొట్టాడని రాశాడు. అదే మైదానంలో, అదే ఎండలో కూర్చున్న మిగతావాళ్ళలో చాలామందికి ఆ రోజు ఆ సంగతి కనబడలేదు, విలియమ్స్ పేపర్ చదివాక ఒక్కొక్కళ్ళకీ గుర్తుకురావడం మొదలైంది. బంతేసిన చార్లీ రూట్ అయితే చచ్చేదాకా ఒప్పుకోలేదు, అలా వేలు చూపించుంటే తర్వాతి బంతితో కింద పడేసేవాణ్ణి అనేవాడు. కీపర్ హార్ట్‌నెట్ చెప్పింది ఏంటంటే, కొట్టడానికి ఒక్క బంతి చాలు అన్నాడట రూత్, అంతే. రూత్‌ని అడిగితే మొదట్లో నీళ్ళు నమిలాడు, తర్వాత్తర్వాత కథ తనకే నచ్చేసినట్టుంది, అవును చూపించా అనడం మొదలెట్టాడు. దశాబ్దాల తర్వాత ప్రేక్షకుల్లో ఒకాయన తీసిన చిన్న ఫిల్మ్ బయటికొచ్చింది, చెయ్యి లేవడం కనబడుతుంది, ఎటన్నది చూసేవాడి భక్తిని బట్టి ఉంటుంది.

ఆ రోజు వేసుకున్న చొక్కా 2024లో వేలానికొచ్చింది. 2 కోట్ల 41 లక్షల డాలర్లు. మన లెక్కలో 200 కోట్ల పైమాటే. 1930లో ఆయన జీతం 80 వేలైతే, ప్రెసిడెంట్ హూవర్‌కి 75 వేలే కదా అని జనం నోళ్ళు నొక్కుకున్నారు. ఏనుగు బతికినా వెయ్యి, చచ్చినా వెయ్యి అన్నవాళ్ళు ఏనుగు చొక్కా రేటు చూళ్ళేదు. అందులో హోమ్ రన్ ఖరీదెంత, జో విలియమ్స్ రాసిన ముక్క ఖరీదెంత? నా అంచనా ప్రకారం హోమ్ రన్‌కి ఒక చొక్కా డబ్బులు, మిగతాదంతా ముక్కది. ఎందుకంటే తర్వాతి బంతికే రూత్ టీమ్‌లోని లూ గెరిగ్ కూడా హోమ్ రన్ కొట్టాడు, అదీ ఆ రోజు అతనికి రెండోది. ఆ సంగతి మీకు తెలుసా? నాకూ తెలీదు. వేలు ఎత్తలేదు కదా మరి.

ఇక వడ్డీతో వస్తాడన్నాను కదా, ఫోర్డ్ ఫ్రిక్. రూత్ పేరు మీద రాసిపెట్టిన ఆ దయ్యం 1934లో నేషనల్ లీగ్ (రెండు పెద్ద లీగుల్లో ఒకటి) ప్రెసిడెంట్ అయ్యాడు. గొప్పవాళ్ళ పేర్లు చెక్కిపెట్టే హాల్ ఆఫ్ ఫేమ్ కావాలని ముందుండి నడిపించినవాళ్ళలో ఆయన ఒకడు. 1951లో మొత్తం బేస్‌బాల్‌కే కమిషనర్ అయ్యాడు. 1961లో రోజర్ మారిస్ అని మాటకారి కాని, మొహమాటపు కుర్రాడు, యాంకీసే, రూత్ 1927లో కొట్టిన 60ని దాటేలా కనబడ్డాడు. జులైలో కమిషనర్ గారు రూలింగ్ ఇచ్చారు, రూత్ 154 ఆటల సీజన్‌లో కొట్టాడు, ఇప్పుడు 162, కాబట్టి 154 లోపల కొడితేనే లెక్క, తర్వాత కొడితే రికార్డుల్లో వేరేగా చూపిస్తాం అని. మారిస్ 61వది అక్టోబర్ 1న కొట్టాడు, ఆఖరి ఆటలో. రెండు రికార్డులూ పక్కపక్కన పెట్టారు, అది తీసేసి మారిస్‌కి ఒక్కడికే ఇచ్చింది 1991లో, అప్పటికి మారిస్ పోయి ఆరేళ్ళు. ఎక్కడైనా దయ్యం మనిషిని పట్టుకుంటుంది, పీక్కుతింటుంది, ఇలా మనిషి పోయిన పదమూడేళ్ళకి కూడా ఆస్తికి కాపలా కాసిన దయ్యాన్ని నేనైతే వినలేదు.

1970లో ఫ్రిక్‌ని హాల్ ఆఫ్ ఫేమ్‌కి ఎన్నుకున్నారు. అంటే నేనడిగిన వాటా వాళ్ళు ఎప్పుడో ఇచ్చేశారు, నేనే లేట్. ఇంత రాశాక పిటిషన్ వెనక్కి తీసుకోవడం నామోషీగా ఉంది గానీ, మా అక్క కొడుక్కి ఫోన్ చేసి చెప్తే, "మావయ్యా, నువ్వింకా ఆ మేస్త్రీ దగ్గరే ఉన్నావా" అన్నాడు.

ఒక్క లెక్క మాత్రం తేలట్లేదు నాకు. 1936లో హాల్ ఆఫ్ ఫేమ్‌కి మొదటిసారి ఓట్లేసింది బేస్‌బాల్ రాసే విలేకరులే. 226 ఓట్లు. టై కాబ్ అనే ఇంకో ఆటగాడికి 222 వచ్చాయి, రూత్‌కి 215. వేలు, చొక్కా, కడుపునొప్పి, సుల్తాను, అన్నీ సొంత చేతుల్తో తయారుచేసిన ఆ కులంలోనే 11 మంది రూత్‌కి ఓటెయ్యలేదు. పాపం ఆ రోజు వాళ్ళ ఓటు వాళ్ళే వేసుకోవాల్సొచ్చిందేమో, దయ్యాలన్నీ రూత్ కాలమ్ రాసే పనిలో ఉండుంటాయి.