బామ్మర్ది కుదించిన పెళ్లి

దొంగ గేములు ఆడే కుర్రాళ్లంతా డబ్బులు మిగుల్చుకోవడానికే ఆడతారని అనుకుంటాం గానీ మా బామ్మర్ది కేసు వేరు. వాడికి కరువు డబ్బుకి కాదు, డేటాకి. తెనాలిలో మా అత్తగారింట్లో నెట్ అంటే వాడి ఫోన్లో రోజుకు వచ్చే 1.5 జీబీ, అంతే. వాడు మనసు పడ్డ రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 అనే గుర్రాల మీద తిరిగే గేముకేమో 150 జీబీ ఖాళీ కావాలి. "వేలు పోసి కొన్నా దించుకోవాల్సింది నేనే కదా బావా, సంక్రాంతికి మొదలుపెడితే ఉగాది వెళ్లిపోతుంది" అన్నాడు. లెక్కేశాను. ఆ 150 జీబీ అంతా దించాల్సి వస్తే 100 రోజులు, నిజమే.

అదే దొంగ కాపీ అయితే ఎవడో పుణ్యాత్ముడు నొక్కి నొక్కి సగానికి తెచ్చి పెడతాడట, కొన్ని గేముల్లో మనకి రాని భాషల ఆడియో వదిలేసే సౌకర్యం కూడా ఉంటుందట, దాన్నే ఆప్షనల్ అంటారట. ఊరికే ఇంత సేవ చేసేవాడు అందులో ఇంకేం కలిపి పంపిస్తున్నాడో మావాడు అడగడు. ఇన్‌స్టాల్ చేసేముందు యాంటీవైరస్ ఆపమంటే ఆపేశాడు, ఎవరో ముక్కూ మొహం తెలియనివాడు గేటు దగ్గర నిలబడి "ముందు కుక్కని కట్టేయండి" అంటే కట్టేసినట్టు.

ఆ సగాన్ని కూడా ఫ్రెండు హాస్టల్ వైఫైలో దించి హార్డ్ డిస్కులో మోసుకొచ్చాడు. అసలు తిప్పలు అక్కడ మొదలయ్యాయి, ఎందుకంటే నొక్కినదాన్ని మళ్లీ విప్పాలి, ఆ విప్పే చాకిరీ అంతా మన ల్యాప్‌టాప్‌దే, గంటలు పడుతుంది. ఫ్యాను రొద ఒకటి, పైగా ఇన్‌స్టాలరు తనంతట తాను టింగుటింగుమని పాట వేస్తుంది. అర్ధరాత్రి మావయ్యగారు లేచి "ఒరేయ్, ఎవరిదిరా ఆ ఫోను, ఎత్తండి!" అని కేకేశారు. 96 శాతం దగ్గర కరెంటు పోయింది. బ్యాటరీ ఎప్పుడో చచ్చింది. మళ్లీ మొదటినుంచి. ఈసారి చివర్లో అన్‌ఆర్క్ డీఎల్ఎల్ అని ఏదో ఎర్రర్, తర్వాత డిస్కులో చోటు లేదని ఇంకోటి. పెట్టె చిన్నదైనంత మాత్రాన లోపలి సామాను చిన్నదవదుగా, పెట్టెకీ సామానుకీ రెండింటికీ చోటు కావాలి!

ఎలాగో చోటు చేశాడు, గేము ఎక్కింది. వాడి ల్యాప్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు కాబట్టి గుర్రం ఒక అడుగు తీసి ఇంకో అడుగు వేసేలోపు నేను కాఫీ తాగి వచ్చాను.

కనుమ నాడు చుట్టాలొచ్చారు. అత్తయ్యగారు మా పెళ్లి వీడియో టీవీకి పెట్టించారు. జీలకర్ర బెల్లం, తాళి, తలంబ్రాలు, అయిపోయింది. అరుంధతి లేదు, అప్పగింతలు లేవు, భోజనాలు అసలే లేవు. మా ఆవిడ తమ్ముడి వైపు చూసింది.

"ఎవరూ చూడని ముక్కలే తీశానక్కా, 40 జీబీ మిగిలింది."

ఆ రోజు మూడు బంతులకీ దగ్గరుండి వడ్డన చేయించి, పందిట్లోకి రావడానికి కూడా తీరిక దొరకని చిన్నమావయ్య కండువా దులిపి లేచారు. "అంటే నేను మీ పెళ్లికి రాలేదన్నమాట!"

"వచ్చారు బాబాయ్, కాకపోతే ఆప్షనల్‌లో ఉన్నారు" అన్నాడు వాడు.