ఆట ఆగకూడదని విండోస్‌ను విరగ్గొట్టకండి

కొన్ని వారాలుగా వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. కంప్యూటర్‌లో గేమ్ ఆడుతుంటే మధ్యలో ఏదీ అడ్డు రాకుండా ఆరు చిట్కాలట. ఎక్స్‌ప్లోరర్‌ను ఆపేయండి. స్టిక్కీ కీస్ ఫైలును సిస్టమ్ 32 ఫోల్డర్‌లోంచి డిలీట్ చేయండి. విండోస్ బటన్‌ను రిజిస్ట్రీలో (విండోస్ తన అమరికలు దాచుకునే చోట) చంపేయండి. గేమ్ మోడ్ ఆన్ చేస్తే నోటిఫికేషన్లన్నీ ఆగిపోతాయి. ఫుల్ స్క్రీన్ పెడితే గేమ్ మీదికి ఇంకేదీ రాదు. అప్‌డేట్లనూ, విండోస్‌తో వచ్చే యాంటీవైరస్ డిఫెండర్‌నూ శాశ్వతంగా తీసేయండి. చివర్లో పది మందికీ పంపమని ఒక మాట.

తిరుపతి కొర్లగుంటలో నాకు ఎనిమిది సిస్టమ్‌ల చిన్న షాపు ఉంది. పగలంతా దర్శనం టికెట్లు, హాల్ టికెట్లు, జిరాక్సులు, పెళ్లి పత్రికల డీటీపీ. సాయంత్రమైతే అవే సిస్టమ్‌ల మీద కాలేజీ పిల్లలు గేమ్స్ ఆడతారు. ఈ మెసేజ్ చదివిన ఒక పిల్లాడు నా దగ్గర ఒక సిస్టమ్ మీద రెండో చిట్కా, మూడో చిట్కా ప్రయోగించాడు. మర్నాడు పొద్దున దాని ముందు కూర్చున్న మా ఆపరేటర్ గంటన్నర పాటు పని చేయలేకపోయింది. ఆ అబ్బాయి మీద నాకు కోపం లేదు. చివరి రౌండులో స్క్రీన్ ఉన్నట్టుండి డెస్క్‌టాప్‌కు వచ్చేస్తే ఎంత మండుతుందో రోజూ చూస్తూనే ఉన్నాను. "ఏందన్నా ఇది, ఆడతా ఉంటే మద్దెలో బయటికి తోసేస్తా ఉంది" అని వాళ్లు వచ్చి అడిగేది నన్నే. అందుకే ఆ మెసేజ్‌లో ఏది తప్పో విడమరిచి రాస్తున్నాను.

ముందు ఎక్స్‌ప్లోరర్ సంగతి. టాస్క్‌బార్, స్టార్ట్ మెనూ, డెస్క్‌టాప్ మీది బొమ్మలు, ఫోల్డర్ల కిటికీలు దాని పని. దాన్ని ఆపితే అవన్నీ మాయమవుతాయి కాబట్టి ఇక అడ్డొచ్చేది ఏమీ లేదనిపిస్తుంది. కానీ స్టిక్కీ కీస్ అడిగే ప్రశ్న ఎక్స్‌ప్లోరర్‌ది కాదు. గేమ్‌లు కొనే స్టీమ్ యాప్‌లో స్నేహితుడు వచ్చాడని మూలన కనబడేది స్టీమ్ సొంతంగా గీసుకునేది. ప్రింటర్‌లో ఇంకు తక్కువైందని చెప్పేది ప్రింటర్‌తో పాటు వచ్చిన సాఫ్ట్‌వేర్. అవేవీ ఆగవు. మిగిలే మెమరీ కూడా 8 జీబీ సిస్టమ్‌లో లెక్కలోకి రానంత. ఇప్పటికే ఆపేసి నల్ల స్క్రీన్ చూస్తూ కూర్చున్నవాళ్లు కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ కలిపి నొక్కండి. టాస్క్ మేనేజర్ వస్తుంది. అందులో కొత్త టాస్క్ అని తీసుకుని ఎక్స్‌ప్లోరర్ అని ఇంగ్లిష్‌లో టైప్ చేస్తే అన్నీ తిరిగి వస్తాయి.

స్టిక్కీ కీస్ గురించి కాస్త ఎక్కువ చెప్పాలి, నా బాధంతా దీని దగ్గరే. షిఫ్ట్ బటన్‌ను వరసగా 5 సార్లు నొక్కితే స్టిక్కీ కీస్ ఆన్ చేయాలా అని విండోస్ అడుగుతుంది. జీటీఏ 5 లాంటి గేమ్‌లో పరుగెత్తడానికి షిఫ్ట్‌ను టకటకా కొడుతూనే ఉండాలి, కాబట్టి ఆ ప్రశ్న రాక మానదు. కుడి షిఫ్ట్‌ను 8 సెకన్లు పట్టి ఉంచితే ఫిల్టర్ కీస్, నమ్ లాక్‌ను 5 సెకన్లు పట్టి ఉంచితే టాగుల్ కీస్. మూడూ ఒకే కుటుంబం, కీబోర్డ్ వాడడం కష్టమైనవాళ్లకు సాయపడేవి.

అసలు స్టిక్కీ కీస్ ఎందుకు పెట్టారు? రెండు బటన్లు ఒకేసారి నొక్కలేనివాళ్ల కోసం. స్టిక్కీ కీస్ ఆన్‌లో ఉంటే ముందు కంట్రోల్ నొక్కి వదిలేసి, తర్వాత సీ నొక్కినా కాపీ అవుతుంది. ఈ సదుపాయం విండోస్ 95 కాలం నుంచీ ఉంది. మా ఆపరేటర్‌కు కుడి చెయ్యి పని చేయదు. ఎడమ చేత్తోనే పెళ్లి పత్రికలు కంపోజ్ చేస్తుంది, రెండు చేతులున్న నాకన్నా తప్పులు తక్కువ. షాపులో ఏ సిస్టమ్ ముందు కూర్చున్నా ఆమె చేసే మొదటి పని షిఫ్ట్‌ను 5 సార్లు నొక్కడం. ఆ రోజు నొక్కింది, ఏమీ రాలేదు. మళ్లీ నొక్కింది. తనదే తప్పేమో అనుకుని నాకు చెప్పకుండా చాలాసేపు అవస్థపడింది. ఆ పత్రిక పదకొండింటికి ఇవ్వాలి. ఆ ఫైలే లేదని నాకు తెలిసేసరికి పది దాటింది. పోయిన విండోస్ ఫైళ్లను తిరిగి తెచ్చే సిస్టమ్ ఫైల్ చెకర్ నడిపితే ఫైలు తిరిగి వచ్చింది కానీ ఆ పొద్దు పోయినట్టే. అడ్మిన్ పాస్‌వర్డ్ పెట్టకపోవడం నా తప్పు, ఆ రోజే పెట్టాను.

ఆ ప్రశ్న రాకుండా చేయడానికి ఏ ఫైలునూ తాకనక్కర్లేదు. విండోస్ 11లో సెట్టింగ్స్, యాక్సెసిబిలిటీ, కీబోర్డ్ అని వెళ్లండి. విండోస్ 10లో అదే ఈజ్ ఆఫ్ యాక్సెస్ పేరుతో ఉంటుంది. స్టిక్కీ కీస్ కింద షార్ట్‌కట్ అనే స్విచ్ ఒక్కటీ ఆఫ్ చేస్తే చాలు. సదుపాయం అలాగే ఉంటుంది, 5 సార్లు నొక్కితే వచ్చే ప్రశ్న మాత్రం రాదు. ఫిల్టర్ కీస్‌కూ, టాగుల్ కీస్‌కూ అదే పేజీలో విడివిడి స్విచ్‌లున్నాయి. అర నిమిషం పని.

విండోస్ బటన్ విషయంలో మెసేజ్ చెప్పిన పద్ధతి పని చేస్తుంది, అది నిజమే. రిజిస్ట్రీలో స్కాన్‌కోడ్ మ్యాప్ అనే విలువ రాసి రీస్టార్ట్ చేస్తే ఆ బటన్ చచ్చిపోతుంది. కాకపోతే ఆ సిస్టమ్‌లో లాగిన్ అయ్యే అందరికీ, ఎప్పటికీ. లాక్ చేయడం, స్క్రీన్‌షాట్, క్లిప్‌బోర్డ్ చరిత్ర లాంటి షార్ట్‌కట్లన్నీ దానితోనే పోతాయి. గేమింగ్ కీబోర్డ్ అయితే చాలావాటిలో విండోస్ బటన్‌ను లాక్ చేసే ఏర్పాటు ముందే ఉంటుంది. దాని మీద తాళం బొమ్మ ఉందేమో చూడండి. మామూలు కీబోర్డ్ అయితే మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే పవర్‌టాయ్స్‌లో కీబోర్డ్ మేనేజర్ ఉంది. ఆడేటప్పుడు బటన్‌ను ఆపి, అయ్యాక తిరిగి ఇవ్వొచ్చు.

తెలుగు టైప్ చేసేవాళ్లకు ఇందులో ఇంకో చిక్కు ఉంది. దాన్ని ఆ మెసేజ్ రాసినవాళ్లు ఊహించి కూడా ఉండరు. విండోస్‌లో ఇంగ్లిష్‌తో పాటు తెలుగు కీబోర్డ్ చేర్చుకుంటే, ఎడమ ఆల్ట్, షిఫ్ట్ కలిపి నొక్కగానే భాష మారిపోతుంది. చాలా గేముల్లో షిఫ్ట్ పరుగుకు, ఆల్ట్ తల తిప్పి చూడడానికి. పీసీ పబ్జీలో అదే అమరిక. పరుగెత్తుతూ పక్కకు చూశారా, కీబోర్డ్ తెలుగైపోతుంది. ఇన్‌స్క్రిప్ట్ అనే తెలుగు కీబోర్డ్ అమరిక అయితే డబ్ల్యూ నొక్కితే ఐత్వం, ఏ నొక్కితే ఓత్వం, ఎస్‌కు ఏత్వం, డీకి పొల్లు. బటన్ ఎక్కడుందో చూసుకునే గేమ్‌లకు ఫరవాలేదు. ఏ అక్షరం వచ్చిందో చూసుకునే గేమ్ అయితే మనిషి ఉన్నచోటే నిలబడిపోతాడు. కీబోర్డ్ చెడిపోయిందన్నా అని నా దగ్గరికి వచ్చిన పిల్లల్లో సగం మంది సమస్య ఇదే. ఒకరిద్దరు కొత్త కీబోర్డ్ కొనుక్కున్నారు కూడా, పాపం.

భాష మార్చడానికి నికరమైన దారి విండోస్ బటన్‌తో స్పేస్‌బార్. మెసేజ్ మాట విని ఆ బటన్ చంపేస్తే ఇక మిగిలేది ఆటలో అడ్డొచ్చే ఆల్ట్ షిఫ్టే! చేయాల్సింది దీనికి సరిగ్గా తిరగేసి. విండోస్ 11 సెట్టింగ్స్‌లో టైమ్ అండ్ లాంగ్వేజ్, టైపింగ్, అడ్వాన్స్‌డ్ కీబోర్డ్ సెట్టింగ్స్, ఇన్‌పుట్ లాంగ్వేజ్ హాట్ కీస్ వరకు వెళ్లండి. అక్కడ భాషల మధ్య మార్పుకు ఉన్న బటన్ల జతను తీసేసి నాట్ అసైన్డ్ అని పెట్టండి. కంట్రోల్ షిఫ్ట్‌తో కీబోర్డ్ అమరిక మారేది కూడా అక్కడే ఆగుతుంది. ఇక విండోస్, స్పేస్ నొక్కితేనే భాష మారుతుంది.

గేమ్ మోడ్ ఆన్ చేస్తే నోటిఫికేషన్లన్నీ ఆగుతాయన్నది పూర్తిగా తప్పు. 2017లో విండోస్ 10తో వచ్చిన ఈ గేమ్ మోడ్, ఆట నడుస్తున్నప్పుడు విండోస్ అప్‌డేట్ డ్రైవర్లు ఎక్కించకుండా, రీస్టార్ట్ చేయమని అడగకుండా చూస్తుంది. ఫ్రేమ్ రేటు, అంటే తెర మీద బొమ్మ కదిలే వేగం, నిలకడగా ఉండడానికి సాయపడుతుంది. మెయిల్ వచ్చిందన్న కబురును ఆపడం దాని పని కాదు. అది డు నాట్ డిస్టర్బ్ పని. విండోస్ 11లో సెట్టింగ్స్, సిస్టమ్, నోటిఫికేషన్స్ పేజీలో, గేమ్ ఆడుతున్నప్పుడు దానంతట అదే ఆన్ అయ్యేలా టిక్ పెట్టుకోవచ్చు. విండోస్ 10లో 2018 నుంచి ఇది ఫోకస్ అసిస్ట్ పేరుతో ఉంది. కొన్ని గేమ్‌లను విండోస్ గేమ్‌గా గుర్తించదు. అప్పుడు గేమ్ నడుస్తుండగా విండోస్, జీ నొక్కితే వచ్చే గేమ్ బార్ సెట్టింగ్స్‌లో, ఇది గేమ్ అని గుర్తుపెట్టుకో అనే గడిలో టిక్ పెట్టాలి. ఆగిన కబుర్లు ఎక్కడికీ పోవు, ఆట అయ్యాక నోటిఫికేషన్ల జాబితాలో చూసుకోవచ్చు. స్టీమ్, ఆడుతూ మాట్లాడుకునే యాప్ డిస్కార్డ్ చూపించేవి మాత్రం వాటి వాటి సెట్టింగుల్లోనే ఆపాలి. షిఫ్ట్ ట్యాబ్ నొక్కితే స్టీమ్ తెర మీదికి వచ్చేస్తుందని కూడా గుర్తుంచుకోండి. ఆ జతను మార్చుకునే వీలుంది.

నా షాపులో అన్నిటికన్నా ఎక్కువ విసిగించేవి బ్రౌజర్ నుంచి వచ్చేవి. ఎవరో ఎప్పుడో ఏదో సైట్‌లో అలౌ అని నొక్కి ఉంటారు. అప్పటి నుంచి మీ కంప్యూటర్‌లో వైరస్ ఉందనీ, బహుమతి గెలిచారనీ మూలన మొలుస్తూనే ఉంటాయి. అవి చూసి నిజంగా వైరస్ అనుకుని విండోస్ మళ్లీ వేయించుకున్నవాళ్లను ఎరుగుదును. క్రోమ్ సెట్టింగ్స్‌లో ప్రైవసీ, సైట్ సెట్టింగ్స్, నోటిఫికేషన్స్ తెరిచి అక్కడున్న తెలియని సైట్లన్నిటినీ తీసేయండి, అంతే.

ఫుల్ స్క్రీన్ పెడితే ఏదీ పైకి రాదనేది పాత కాలపు మాట, అప్పుడూ సగమే నిజం. గేమ్ స్క్రీన్‌ను పూర్తిగా తన చేతిలోకి తీసుకున్నప్పుడు వేరే కిటికీ ఒకటి ముందుకొస్తే గేమే కిందికి దిగిపోయేది. విండోస్ 10 నుంచి ఫుల్ స్క్రీన్ ఆప్టిమైజేషన్ అని వచ్చింది. దానివల్ల చాలా గేమ్‌లు పేరుకు ఫుల్ స్క్రీన్‌లో ఉన్నా లోపల బోర్డర్‌లెస్ (అంచుల్లేని) కిటికీలాగే నడుస్తాయి. అందుకే వాల్యూమ్ పట్టీ గేమ్ మీద కనబడుతుంది, ఆల్ట్ ట్యాబ్ నొక్కితే వెంటనే బయటికి రావచ్చు. ఎవరైనా పొరపాటున విండోస్ బటన్ నొక్కినా గేమ్ కుప్పకూలకుండా తిరిగి వెళ్లాలంటే బోర్డర్‌లెస్సే మేలని నా అభిప్రాయం. ఇవన్నీ తలనొప్పి, లైనక్స్‌కు వెళ్లిపోదాం అనేవాళ్లూ ఉన్నారు. అక్కడ గ్నోమ్ అనే డెస్క్‌టాప్‌లోనూ ఆ విండోస్ బటన్ నొక్కితే కిటికీలన్నీ పరుచుకుంటాయి, అక్కడా డు నాట్ డిస్టర్బ్ పెట్టుకోవాల్సిందే. వాలరెంట్ లాంటి గేమ్ అయితే అసలు నడవదు.

ఇక ఆఖరిది, అన్నిటికన్నా ప్రమాదమైనది. 2017 మే నెలలో వానాక్రై అనే వైరస్ దాడి గుర్తుందా? ఫైళ్లన్నీ తాళం వేసి డబ్బు అడిగింది. మన రాష్ట్ర పోలీసు శాఖలో చిత్తూరు సహా కొన్ని జిల్లాల కంప్యూటర్లు కూడా దాని బారిన పడ్డాయి. తిరుపతి అప్పటికి చిత్తూరు జిల్లాలోనే ఉంది. అది దూరిన కన్నాన్ని పూడ్చే అప్‌డేట్‌ను మైక్రోసాఫ్ట్ మార్చిలోనే ఇచ్చింది, అంటే రెండు నెలల ముందే. వేసుకోని సిస్టమ్‌లు దొరికిపోయాయి. నా షాపులో రోజూ పదుల కొద్దీ పెన్ డ్రైవ్‌లు పెడతారు. ఆధార్ కార్డులు, బ్యాంకు కాగితాలు, పిల్లల సర్టిఫికెట్లు ఆ సిస్టమ్‌ల మీదుగానే పోతాయి. ఒక ఆట కోసం డిఫెండర్‌ను తీసేయమని పది మందికీ చెప్పడం నాకు చాలా తప్పుగా అనిపిస్తుంది.

అప్‌డేట్ ఆటలో అడ్డు రాకూడదంటే యాక్టివ్ అవర్స్ ఉన్నాయి. ఆ గంటల్లో విండోస్ దానంతట అది రీస్టార్ట్ కాదు. రోజుకు 18 గంటల వరకు పెట్టుకోవచ్చు. నేను పొద్దున 7 నుంచి రాత్రి 12 వరకు పెట్టాను, ఎనిమిది సిస్టమ్‌లలోనూ. పరీక్షలు గానీ పోటీలు గానీ ఉంటే అప్‌డేట్లను 5 వారాల వరకు పాజ్ చేసుకోవచ్చు. డిఫెండర్ తనిఖీ వల్ల గేమ్ నెమ్మదిస్తోందనిపిస్తే ఆ గేమ్ ఫోల్డర్ ఒక్కదాన్నీ మినహాయింపుల్లో చేర్చండి, అదీ నమ్మకమైన చోట కొన్న గేమ్ అయితేనే. విండోస్ 10కు మామూలు మద్దతు 2025 అక్టోబర్ 14తో ముగిసింది, దాని మీదే ఉన్నవాళ్లు డిఫెండర్‌ను కూడా ఆపుకుంటే ఇక కాపలా ఏముంటుంది?

మా షాపులో ఇప్పుడు ప్రతి సిస్టమ్‌లోనూ రెండు లాగిన్‌లు పెట్టాను, ఒకటి పనికి, ఒకటి ఆటకు. స్టిక్కీ కీస్ షార్ట్‌కట్, భాష మార్చే బటన్లు, నోటిఫికేషన్లు ఏ లాగిన్‌కు ఆ లాగిన్ విడిగా ఉంటాయి. ఆటకు వాడే దాంట్లో అన్నీ ఆఫ్. పనికి వాడే దాంట్లో షిఫ్ట్ 5 సార్లు నొక్కితే ఆ ప్రశ్న ఇప్పటికీ వస్తుంది. మా ఆపరేటర్ అవును అని నొక్కి పత్రిక మొదలుపెడుతుంది.