ఇరవై రెండు నిమిషాల చీకటి

జరిగి రెండు రోజులే అయింది. మా ఆవిడ ఇప్పటికీ కాఫీ గ్లాసు టేబుల్ మీద పెట్టి, మాట లేకుండా వెళ్ళిపోతోంది. కాబట్టి ముందు జరిగిందంతా గబగబా చెప్పేస్తాను.

నాకు నలభై ఆరేళ్ళు. ఖాళీ దొరికితే యూరప్‌లో లారీ తోల్తాను. నిజం లారీ కాదు లెండి. యూరో ట్రక్ సిమ్యులేటర్ 2 అని 2012లో వచ్చిన కంప్యూటర్ ఆట. ఫ్రాన్సులో కలే రేవు దగ్గర బంగాళాదుంపలు ఎక్కించుకుని జర్మనీలో డూయిస్‌బర్గ్ దాకా తోలాలి, దారిలో స్పీడెక్కువైతే ఫైను కట్టాలి. లోడు దింపేచోట ట్రెయిలర్‌ని రివర్స్‌లో జాగాలో పెట్టాలి. అది చేతకానివాళ్ళు పార్కింగ్ వదిలేసి జీతం తీసుకునే వీలు కూడా ఉంది. ఆర్నెల్లు నేను అలాగే తీసుకున్నాను. పోయిన నెల మొదటిసారి, కష్టమైన జాగా ఎంచుకుని మరీ, గోడకి తగలకుండా పెట్టాను. ఆనందం ఆపుకోలేక ఫోన్ చేసి బీటెక్ చదువుతున్న మేనల్లుడికి చెప్పాను. వాడు, "ప్రూఫ్ ఉందా మావయ్యా?" అన్నాడు.

ఆ ఒక్క మాటతో మొదలైంది.

ప్రూఫ్ అంటే ఆటని వీడియో తియ్యాలి. ముందు విండోస్‌తో వచ్చిన గేమ్ బార్‌నే నమ్ముకున్నాను. విండోస్ మీట, ఆల్ట్, ఆర్ కలిపి నొక్కితే రికార్డింగ్ మొదలు. ఆపడానికీ అవే మీటలు. మొదలైందో లేదో అని అనుమానమొచ్చి ఇంకోసారి నొక్కాను. మూడు సెకన్ల వీడియో వచ్చింది. అందులో నా లారీ ఆగి ఉంది. తర్వాత మేనల్లుడి సలహా మీద, తెర మీద జరిగేదాన్ని రికార్డు చేసే ఓబీఎస్ వేశాను. ఉచితం, మంచి సాఫ్ట్‌వేర్, దాని తప్పేమీ లేదని ముందే చెప్పేస్తున్నాను. మొదటిరోజు ఎన్‌కోడింగ్ ఓవర్‌లోడ్ అని చెప్పి, వీడియోలో లారీని కప్పలా గెంతించింది. వీడియోని కుదించే పని ప్రాసెసర్ నెత్తిన కాకుండా గ్రాఫిక్స్ కార్డు మీద పెడితే కుదురుకుంది. రెండోరోజు సగంలో లాప్‌టాప్ బిగుసుకుపోతే పవర్ బటన్ పట్టుకుని ఆపేశాను. ఆ ఎంపీ4 ఫైలు ఇక తెరుచుకోలేదు. మామూలు ఎంపీ4 ప్రామిసరీ నోటు లాంటిదట, చివర్లో సంతకం పడితేనే చెల్లుతుంది. ఎంకేవీ అనే ఇంకో రకం వీడియో ఫైలయితే పచారీ కొట్టు ఖాతా పుస్తకం, ఎక్కడిదాకా రాస్తే అక్కడిదాకా బాకీ ఖాయం. అందుకని ఎంకేవీలో రికార్డు చేసి, తర్వాత ఎంపీ4లోకి మార్చుకోవాలి. ఇవన్నీ మా మేనల్లుడు నాకు ఒక్కొక్కటే, నేను ఒక్కొక్క దెబ్బా తిన్నాక చెప్పాడు. ప్రతిదానికీ ముందు "సింపుల్ మావయ్యా" అనే మాట తగిలిస్తాడు. అంత సింపుల్ అయితే మొదటిరోజే అన్నీ కలిపి చెప్పొచ్చుగా? చెప్పడు. ఈ కాలం పిల్లలు జ్ఞానాన్ని ఇన్‌స్టాల్‌మెంట్లలో ఇస్తారు.

శుక్రవారం రాత్రి ఆఖరి వాయిదా ఇచ్చాడు. "స్క్రీన్ మొత్తం తియ్యకు మావయ్యా, నీ వాట్సాప్ మెసేజ్‌లు కూడా వస్తున్నాయి. గేమ్ క్యాప్చర్ పెట్టు. సింపుల్."

పెట్టాను. అంటే ఓబీఎస్ తెరంతా కాకుండా ఆటని మాత్రమే తీస్తుందన్నమాట. ఇందులో ఒక చిక్కుంది. ఆట తెర మొత్తం ఆక్రమించుకుంటుంది కాబట్టి, ఆడుతుండగా ఓబీఎస్ ఏం చూస్తోందో మనకి కనబడదు. చూద్దామని ఆటలోంచి బయటికొస్తే ఆట కిందకి ముడుచుకుంటుంది, ఓబీఎస్‌లో నల్లగా ఉంటుంది. ఆట ముడుచుకుంది కనక నల్లగా ఉందనుకున్నాను. తర్కం బాగానే ఉందనిపించింది.

శనివారం సాయంత్రం కలేలో బయల్దేరాను. ఇరవై రెండు నిమిషాల్లో డూయిస్‌బర్గ్. ట్రెయిలర్ వెళ్ళి జాగాలో అగ్గిపెట్టెలో పుల్లలా కూర్చుంది. రికార్డింగ్ ఆపి ఫైలు చూస్తే ముప్పై ఎంబీ! అంతకుముందు పది నిమిషాల వీడియోనే ఒక జీబీ దాటింది. గ్రాఫిక్స్ కార్డు మహిమ అని మురిసిపోయి, తెరిచి చూడకుండానే పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను. చూడాల్సింది. ఇప్పుడనుకుని ఏం లాభం.

ఆదివారం మధ్యాహ్నం అక్కా, బావగారూ, మేనల్లుడూ భోజనానికొచ్చారు. భోజనాలయ్యాక అందరినీ టీవీ ముందు కూర్చోబెట్టాను. పెన్‌డ్రైవ్ గుచ్చాను. రిమోట్ మాత్రం బావగారి చేతిలో ఉంది. మా ఇంటి రిమోట్‌కి బ్యాటరీ మూత పోయింది, రబ్బరు బ్యాండ్ వేసి ఉంటుంది. దాన్ని ఎలా పట్టుకోవాలో మా ఇంట్లోవాళ్ళకే తెలుసు. వేరేవాళ్ళు పట్టుకుంటే బ్యాటరీ జారి ఒడిలో పడుతుంది. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి.

తెర నల్లగా ఉంది.

"లోడవుతోంది," అన్నాను.

నలుపులోంచి నా గొంతు వినబడింది. ముందు గొంతు సవరింపు. తర్వాత, "హాయ్ ఫ్రెండ్స్, వెల్‌కమ్ బ్యాక్..." నాకు ఛానెల్ లేదు. ఫ్రెండ్స్ ఇద్దరున్నారు, వాళ్ళకి లారీలంటే పడదు. ఇక వెల్‌కమ్ బ్యాక్ అనడానికి ఇంతకుముందు వచ్చిన వాళ్ళెవరూ లేరు. పైగా అది నచ్చక ఆగి, మళ్ళీ గొంతు సవరించి, ఈసారి కొంచెం బరువుగా "హాయ్ ఫ్రెండ్స్" అన్నాను. మూడోసారి "నమస్కారం" తో మొదలెట్టాను. మేనల్లుడు సోఫా దిండు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు.

"బొమ్మేదిరా?" అంది అక్క.

"ముందు మాటలొస్తాయేమో, సినిమాల్లో లాగా," అన్నారు బావగారు. ఆయన ఎప్పుడూ నా పరువు కాపాడాలనే చూస్తారు. అదే నా ఖర్మ. సరిగ్గా వినబడటం లేదని రిమోట్ ఎత్తి సౌండు పద్దెనిమిది నుంచి ముప్పైకి పెంచారు.

ఇంజన్ స్టార్టయింది. ఇండికేటరు టిక్కుటిక్కుమంది. ఆ నల్లటి తెరని ఐదుగురం, అమ్మతో కలిపి ఆరుగురం, అలా చూస్తూ కూర్చున్నాం. కరెంటు పోయిన సినిమా హాల్లో టికెట్టు డబ్బులు వదులుకోలేక కూర్చున్నట్టు. ఇంతలో చీకట్లో ఎక్కణ్ణించో కుక్కర్ కూసింది. ఒకటి. రెండు. మూడు. "ఏవండీ, మూడయ్యాయి, ఆపండి!" మా ఆవిడ గొంతు. నేను "ఆఁ" అన్నాను, ఆపలేదు, ఆ టైములో బెల్జియంలో ఉన్నాను. నాలుగు. ఐదు. అమ్మ టీవీ ముందు కూర్చుని వేళ్ళు మడిచి లెక్కపెడుతోంది. "ఏడు," అంది చివరికి, నా వైపు చూసి. "అందుకే నిన్న పప్పు అలా ఉంది."

ఇంతవరకూ పరవాలేదు. తర్వాత టీవీలో చెప్పుల చప్పుడు దగ్గరకొచ్చింది. ఆ క్షణంలో నాకు శనివారం సాయంత్రం ఏం జరిగిందో మొత్తం గుర్తొచ్చింది. అసలైన చీకటి అప్పుడు కమ్మింది.

"మీ అక్క ఫోన్ చేశారు. రేపు వస్తున్నారట."

"బావగారు కూడానా?" టీవీలో నేను నిట్టూర్చాను. ఆ నిట్టూర్పు ముప్పై సౌండులో ఎంత పొడుగ్గా వచ్చిందంటే, పైన ఫ్యాను తిరగడం మరిచిపోయిందేమో అనిపించింది. "అయితే మళ్ళీ ఆ సైటు కథ. తూర్పు ఫేసింగ్ దగ్గర మొదలెడితే రిజిస్ట్రేషన్ దగ్గరికి వచ్చేసరికి నాలుగవుతుంది."

"రిమోట్!" అన్నాను, చెయ్యి చాపి.

బావగారు ఇవ్వబోయారు. రబ్బరు బ్యాండు ఊడింది. ఒక బ్యాటరీ సోఫా కిందకి, ఇంకోటి అమ్మ ఒడిలోకి. టీవీ మాత్రం ఆగలేదు.

"సైటు సంగతి మీరు చూసుకోండి," అంది టీవీలో మా ఆవిడ. "నా భయం ఆవకాయ గురించి. పోయినసారి కొత్త జాడీ కారెక్కి వెళ్ళిపోయింది. ఈసారి చిన్న సీసాలో తీసి టేబుల్ మీద పెడతా. పెద్దది మంచం కింద తోసేశాను."

అందరూ టేబుల్ వైపు చూశారు. చిన్న సీసా అక్కడే ఉంది, నూనె తేలుతూ. ఆ తర్వాత అందరూ, ఒక్క తల తిరిగినట్టు, పడగ్గది తలుపు వైపు చూశారు. భోజనం చేస్తున్నప్పుడు మా ఆవిడ అక్కతో, "ఈ ఏడు కాయ దొరకలేదు వదినా, ఇంతే పట్టాం," అని చెప్పింది. ఆ మాట అక్కకి గుర్తుందని, పడగ్గది మీద నుంచి చూపు తిప్పుకున్న తీరులోనే తెలిసింది. మా ఆవిడకి హఠాత్తుగా వంటింట్లో ఏదో పని గుర్తొచ్చింది.

నేను లేచి పెన్‌డ్రైవ్ పీకెయ్యొచ్చు. అవును, పీకెయ్యొచ్చు. రెండు రోజులుగా అదే అనుకుంటున్నాను. కానీ ఆ క్షణంలో మోకాళ్ళ మీద కూర్చుని సోఫా కింద బ్యాటరీ కోసం చెయ్యి పెట్టి వెతుకుతున్నాను. దొరికింది బ్యాటరీ కాదు, పోయిన సంక్రాంతికి కనబడకుండా పోయిన అరిసె ముక్క. నా తల సోఫా కింద ఉండగానే డూయిస్‌బర్గ్ వచ్చేసింది.

"రానీ... రానీ... రానీ... కొంచెం ఎడమ... రానీ రానీ... హోల్డాన్!"

ఆర్టీసీ బస్టాండులో క్లీనర్ లాగా నాకు నేనే చెప్పుకున్నాను. బస్సు లేదు, బస్టాండు లేదు, తెర మీద గీత కూడా లేదు. ఆఖర్న "భలే పెట్టావురా!" అని నన్ను నేనే మెచ్చుకున్నాను. తర్వాత చప్పట్లు. అవీ నావే.

మేనల్లుడు దిండు తీసి, కళ్ళు తుడుచుకుని, లాప్‌టాప్ ముందు కూర్చున్నాడు. నలభై సెకన్లు పట్టిందేమో. సంగతేమిటంటే, నా లాప్‌టాప్‌లో రెండు గ్రాఫిక్స్ చిప్పులున్నాయి. ప్రాసెసర్‌తోపాటు వచ్చిన చిన్నది, విడిగా పెట్టిన పెద్దది. కరెంటు ఆదా కోసం మామూలు ప్రోగ్రాములు చిన్నదాని మీద నడుస్తాయి, ఆటలు పెద్దదాని మీద. ఓబీఎస్ చిన్నదాని పంచన చేరింది, ఆటేమో పెద్దదాని దగ్గరుంది. తోడికోడళ్ళన్నమాట. ఒకావిడ గిన్నెలో ఏముందో ఇంకొకావిడకి కనబడదు. సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో డిస్‌ప్లే, అందులో గ్రాఫిక్స్ దగ్గరికెళ్ళి, ఓబీఎస్‌ని హై పెర్ఫార్మెన్స్‌లో పెట్టి, మూసి తెరిస్తే సరిపోయేది. ఆ ముప్పై ఎంబీ సంగతీ తేలింది. ఇరవై ఆరు ఎంబీ దాకా నా నోరే. నలుపుని కుదిస్తే ఏం మిగుల్తుంది? మాటకి గ్రాఫిక్స్ కార్డుతో పని లేదు కాబట్టి అది మాత్రం శుభ్రంగా పడింది.

లాప్‌టాప్ అమ్మినతను, "రెండు కార్డులు సార్, డబుల్ పవర్," అన్నాడు. ఒకదానికొకటి మాటల్లేవని చెప్పలేదు. బిల్లు మీద కూడా రాయలేదు.

"గేమ్ క్యాప్చర్ పెట్టమన్నప్పుడే ఇది చెప్పొచ్చుగా?" అన్నాను మేనల్లుడితో.

"నీ లాప్‌టాప్‌లో రెండున్నాయని నువ్వు చెప్పలేదుగా మావయ్యా."

సాయంత్రం వాళ్ళు బయల్దేరేటప్పుడు అక్క పెద్ద జాడీ అడగలేదు. మా ఆవిడే తెచ్చి కారులో పెట్టింది. వద్దంటే వినలేదు. బావగారు కారు రివర్స్ చేస్తూ అద్దం దించి, నా వైపు చూసి, ఎంతో ప్రేమగా, "అనవోయ్," అన్నారు.

వీధంతా చూస్తోంది. అన్నాను. "రానీ... రానీ..."

రాత్రి మేనల్లుడు మెసేజ్ పెట్టాడు. "మావయ్యా, ప్రూఫ్ ఇంకా పెండింగ్. కానీ ఆడియో సూపర్. ఏం మైకు అది?"